కోనసీమ కౌలు: తొలగింపు హక్కుకు చట్టం గీసిన హద్దులు

గౌతమి, వశిష్ఠ పాయల మధ్య ఉన్న కోనసీమలో సొంత పొలం లేకుండా పరాయి చేలో దుక్కి దున్నే కుటుంబాలు ప్రతి ఊళ్లోనూ కనిపిస్తాయి. భూమి ఒకరిది, సాగు ఇంకొకరిది. ఈ ఇద్దరి మధ్య నడిచే ఒప్పందమే కౌలు. కౌలుదారు చేత పొలం మానిపించే అధికారం భూయజమానికి ఎంతవరకు ఉంది, ఎప్పుడు ఉంది, ఏ దారిన వాడుకోవాలి అన్న ప్రశ్నకు ఆంధ్ర ప్రాంతంలో 1956 నుంచి ప్రత్యేక చట్టం సమాధానం చెబుతూ వచ్చింది. ఆ చట్టం సారాంశం ఒక్క మాటలో చెప్పవచ్చు: కారణం ఉండాలి, ఆ కారణాన్ని న్యాయాధికారి ముందు రుజువు చేయాలి, ఆ తర్వాతే పొలం తిరిగి తీసుకోవాలి. ఈ వ్యాసం అమలాపురం, రాజోలు, కొత్తపేట ప్రాంతాలను దృష్టిలో పెట్టుకుని ఆ హద్దుల చరిత్రను, అవి పనిచేసే తీరును, ఆచరణలో అవి ఎక్కడ తెగిపోతున్నాయో వివరిస్తుంది.

నేల, నీరు, కౌలు మాట

సర్ ఆర్థర్ కాటన్ పర్యవేక్షణలో 1847లో మొదలై 1852 నాటికి పూర్తయిన ధవళేశ్వరం ఆనకట్ట మధ్య డెల్టా కాలువలకు నీరిచ్చింది. వానాకాలపు సార్వా, వేసవికి కోతకొచ్చే దాళ్వా అని ఏడాదికి రెండు వరి పంటలు పండే నేల తయారైంది. రెండు పంటల మాగాణికి విలువ పెరిగింది. చదువుల కోసం, ఉద్యోగాల కోసం భూమి గలవారు ఊళ్లు వదిలి పట్టణాలకు, తర్వాత విదేశాలకు వెళ్లారు. వారి చేలు కౌలుకు మిగిలాయి. 2018-19లో జరిగిన జాతీయ నమూనా సర్వే 77వ విడత లెక్కల్లో కౌలు కమతాల వాటా దేశంలోకెల్లా ఆంధ్రప్రదేశ్‌లోనే ఎక్కువ. అది 42 శాతం దాటింది.

కోర్టు కాగితాల్లో కౌలు మొత్తాన్ని 'మక్తా' అంటారు. మక్తాను ఎకరాకు ఇన్ని బస్తాలని ధాన్యంలో ఖాయం చేసుకోవడం వరి పొలాల్లో వాడుక. బస్తా అంటే 75 కిలోలు. దాళ్వా కోతలయ్యాక, సార్వా దమ్ము మొదలయ్యే లోపు, కామందు (భూయజమాని) ఇంటి అరుగు మీద ఈ మాట కుదురుతుంది. కాగితం ఉండదు. సాక్షులంటే పక్క చేను రైతులే. మరుసటి వేసవికి కామందు 'వచ్చే ఏడు మనవాళ్లే చేసుకుంటారు' అంటే, పదేళ్లుగా ఆ చేలో గట్లు కట్టి, బోదెలు తవ్వి, కలుపు తీసిన మనిషి మారుమాట లేకుండా పక్కకు తప్పుకోవాలి. చట్టం అడ్డుకోదలచింది ఈ దృశ్యాన్నే.

కొబ్బరి తోటల సంగతి కొంత వేరు. కాయ దింపుకునే హక్కు మాత్రమే అమ్మితే అది అనుమతి కిందికి వస్తుంది. నేల కూడా అప్పగించి అందులో కంద, అరటి, కోకో వేసుకోనిస్తే అది కౌలు. 1882 నాటి సౌలభ్య హక్కుల చట్టంలోని 52వ సెక్షన్ అనుమతిని నిర్వచిస్తుంది. అనుమతిదారుకు కౌలుదారుకున్నంత రక్షణ లేదు. అందుకే తోట తగాదాల్లో మొదట తేలవలసింది నేల ఎవరి స్వాధీనంలో ఉందన్నదే.

పూర్వరంగం

బ్రిటిష్ పాలనలో గోదావరి జిల్లా మద్రాసు రాజధానిలో భాగం. జమీందారీ ఎస్టేట్లలోని రైతులకు 1908 మద్రాసు ఎస్టేట్స్ ల్యాండ్ చట్టం శాశ్వత సాగు హక్కు ఇచ్చింది. జమీందారు తన ఇష్టం కొద్దీ రైతును వెళ్లగొట్టే వీలు పోయింది. 1948లో వచ్చిన ఎస్టేట్ల రద్దు చట్టం జమీందారీలను రైత్వారీ కిందికి మార్చింది. అగ్రహారాలు, ఇతర ఇనాముల కోసం 1956లో ఇనాముల రద్దు చట్టం వచ్చింది. వీటి ఫలం పట్టాదారు రైతుకు అందింది. ఆ పట్టాదారు దగ్గర కౌలుకు తీసుకుని కింద పనిచేసే మనిషి మాత్రం ఈ చట్టాల నీడలోకి రాలేదు. ఆ లోటు పూడ్చడానికే 1953లో ఏర్పడిన ఆంధ్ర రాష్ట్రం తన చివరి ఏడాదిలో ఆంధ్ర కౌలుదారీ చట్టం, 1956 చేసింది. అదే 1956 సంవత్సరపు 18వ చట్టం. తెలంగాణలో అప్పటికే 1950 హైదరాబాద్ కౌలుదారీ, వ్యవసాయ భూముల చట్టం అమల్లో ఉంది. అక్కడి 'రక్షిత కౌలుదారు' అనే హోదా కోనసీమ కౌలుదారుకు ఎన్నడూ దక్కలేదు. ఒకే భాష మాట్లాడే రెండు ప్రాంతాల కౌలుదారుల చరిత్ర ఇక్కడే చీలింది.

1956 చట్టం ఇచ్చిన భరోసా

స్వయంగా గాని, ఇంటివారి చేత గాని, తన అజమాయిషీలో కూలీల చేత గాని ఇతరుల భూమిని కౌలు ఒప్పందం కింద సాగు చేసేవారిని ఈ చట్టం 'సాగు కౌలుదారు' అంది. ఒప్పందం కాగితం మీద ఉండనక్కరలేదు. నడవడిని బట్టి తెలిసే ఒప్పందమైనా చెల్లుతుంది. ఈ నిర్వచనం నోటి మాట మీద బతికే కోనసీమ కౌలుదారుకు కూడా తలుపు తెరిచింది.

చట్టానికి 1974లో పెద్ద సవరణ జరిగింది. 39వ నంబరు గల ఆ సవరణ 1980 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చింది. దాని ప్రకారం కొత్తగా కుదిరే ప్రతి కౌలుకూ కనీస గడువు ఆరేళ్లు, ఒప్పందం లిఖితంగా ఉండాలి. సవరణ నాటికే నడుస్తున్న కౌళ్లను శాశ్వత కౌళ్లుగా భావించాలంది. భూయజమాని సొంత సాగు కోసం పొలం తిరిగి తీసుకునే హక్కుకు పరిమితులు పెట్టింది. భూమి అమ్మదలచుకుంటే ముందుగా కౌలుదారుకు తెలిపి, కొనుక్కునే మొదటి అవకాశం అతనికివ్వాలంది.

మక్తాకు కూడా చట్టం గరిష్ఠ హద్దు పెట్టింది. సవరించిన చట్టం ప్రకారం ప్రభుత్వ నీటి వనరు కింది భూమికి మొత్తం దిగుబడిలో 30 శాతం, మెట్ట భూమికి 25 శాతం మక్తా దాటకూడదన్నది నియమం. ఎకరాకు 30 బస్తాలు పండిన సార్వాలో ఈ లెక్కన మక్తా 9 బస్తాలు. పంట ముంపులో పోయి 10 బస్తాలే చేతికొస్తే 3 బస్తాలు. చట్టం దృష్టిలో మక్తా పండిన పంటలో వాటా. ఊరి వాడుకలో అది ముందే ఖాయమైన బస్తాల లెక్క. పంట పోయిన ఏడు కూడా అవే బస్తాలు అడుగుతారు. తొలగింపు తగాదాలు ఎక్కువగా పుట్టేది ఈ తేడాలోనే. బాకీ పడ్డాడన్న మాటే పొలం మానిపించడానికి మొదటి కారణం అవుతుంది కనుక, అసలు బాకీ ఎంత అన్న లెక్క కౌలుదారు బతుకును నిర్ణయిస్తుంది.

తొలగింపుకు చట్టం ఒప్పుకున్న కారణాలు

చట్టంలోని 13వ సెక్షన్ ఈ విషయానికి గుండెకాయ. ప్రత్యేక అధికారికి దరఖాస్తు పెట్టుకుని, కింది కారణాల్లో ఏదో ఒకటి రుజువు చేస్తే తప్ప భూయజమాని కౌలుదారుని తొలగించరాదని అది చెప్పింది:

- మక్తా గడువు తేదీ నుంచి నెల లోపు, గడువు రాసుకోకపోతే ఊరి వాడుక ప్రకారం మక్తా ఇవ్వవలసిన తేదీ నుంచి నెల లోపు చెల్లించకపోవడం.
- భూమిని పాడుచేసే, శాశ్వతంగా నష్టపరిచే పని చేయడం లేదా అలాంటి నిర్లక్ష్యం చూపడం.
- పొలాన్ని మరొకరికి మారు కౌలుకు ఇవ్వడం.
- భూమిని దేనికి వాడాలో చెప్పే షరతులను ఉల్లంఘించడం.
- భూయజమాని హక్కును కావాలని కాదనడం.
- చట్టం కింద వెలువడిన ఉత్తర్వులను పాటించకపోవడం.

ఈ పట్టికలో లేనివాటిని కూడా గమనించాలి. పక్క ఊరి రైతు రెండు బస్తాలు ఎక్కువిస్తానన్నాడన్నది కారణం కాదు. ఎన్నికల్లో వేరే వైపు నిలబడ్డాడన్నది కారణం కాదు. కొడుకు ఎదురు మాట్లాడాడన్నది కారణం కాదు. భూమి చేతులు మారి కొత్త యజమాని వచ్చాడన్నది కూడా కారణం కాదు.

కోర్టు దారి

మొదట్లో ప్రత్యేక అధికారి అంటే తహసిల్దారే. ఆయన ఉత్తర్వు మీద అప్పీలు రెవెన్యూ డివిజనల్ అధికారి దగ్గరికి వెళ్లేది. 1974 సవరణ ఈ పనిని న్యాయశాఖకు అప్పగించింది. జిల్లా మున్సిఫ్, నేటి మాటలో జూనియర్ సివిల్ జడ్జి, ప్రత్యేక అధికారి అయ్యారు. అమలాపురం, రాజోలు, కొత్తపేట కోర్టుల్లో ఈ దావాలకు 'ఏటీసీ' అని పేరు. వాటి మీద జిల్లా జడ్జి ముందు వేసే అప్పీలు 'ఏటీఏ'. ఆపైన హైకోర్టుకు రివిజన్. ప్లీడర్ గుమాస్తాల నోళ్లలో ఈ మూడక్షరాలు ఎంతగా నలిగాయంటే, 'ఏటీసీ పడింది' అంటే కౌలు తగాదా కోర్టుకెక్కిందని కక్షిదారుకు ఇట్టే అర్థమవుతుంది.

దావాలో మొదటి పోరాటం కౌలు ఉందా లేదా అన్న దాని మీదే. భూయజమాని 'ఇతను నా పాలేరు మాత్రమే' అంటాడు. కౌలుదారు 'నేను మక్తా కొలిచాను' అంటాడు. రుజువులుగా అడంగల్‌లో సాగుదారు కాలమ్, మక్తా ముట్టినట్టు రాసిచ్చిన చీటీ, ఎరువుల కొట్టు బిల్లులు, ధాన్యం అమ్మిన రసీదులు, చుట్టుపక్కల రైతుల సాక్ష్యం నిలుస్తాయి. బాకీ చూపించి తొలగించాలని యజమాని మక్తా పుచ్చుకోకుండా తిప్పి పంపిన సందర్భాల్లో కౌలుదారులు ఆ సొమ్మును కోర్టులో జమ కట్టి బాకీ నింద తప్పించుకునేవారు.

ప్రత్యేక చట్టం వర్తించని చోట కూడా యజమాని తన చేతులతో తొలగించే వీలు లేదు. నిలకడగా స్వాధీనంలో ఉన్న మనిషిని, అతనికి అక్కడ ఉండే హక్కు లేదనుకున్నా సరే, కోర్టు దారినే తొలగించాలని సుప్రీంకోర్టు 1989లో స్పష్టం చేసింది. 1963 నిర్దిష్ట ఉపశమన చట్టంలోని 6వ సెక్షన్ ప్రకారం బలవంతాన తొలగింపుకు గురైనవారు ఆరు నెలల్లో దావా వేస్తే, హక్కు ఎవరిదన్న చర్చ లేకుండానే స్వాధీనం తిరిగి పొందవచ్చు. ఈ ఆరు నెలల గడువు చాలా విలువైనది. పెద్దమనుషుల పంచాయితీల్లో తిరుగుతూ దాన్ని పోగొట్టుకున్న కౌలుదారుకు తర్వాతి దారి పొడవవుతుంది.

చేలో పైరు ఉండగా కౌలు ముగిస్తే ఏమిటి? 1882 ఆస్తి బదిలీ చట్టంలోని 108వ సెక్షన్ ప్రకారం గడువు ఖాయం కాని కౌలు కౌలుదారు తప్పు లేకుండా ముగిసినప్పుడు, అతను నాటిన పైరు అతనిదే. వచ్చి కోసుకుని తీసుకుపోయే దారి కూడా అతనికివ్వాలి. వ్యవసాయ కౌళ్లకు ఆ అధ్యాయం నేరుగా వర్తించకపోయినా, అందులోని న్యాయసూత్రాలను కోర్టులు పాటిస్తూ వచ్చాయి. నాటినవాడే కోయాలన్న ఊరి ధర్మమూ ఇదే చెబుతుంది.

కౌలుదారు షెడ్యూల్డు కులానికో తెగకో చెందినవారై, ఆ వర్గాలకు చెందని వ్యక్తి అన్యాయంగా భూమి నుంచి తొలగిస్తే, లేదా భూమి మీద వారి హక్కుల అనుభవానికి అడ్డుపడితే, 1989 అత్యాచారాల నిరోధక చట్టం కింద అది నేరం. దళిత కుటుంబాలు పెద్ద సంఖ్యలో వ్యవసాయం మీద ఆధారపడిన కోనసీమలో ఈ నిబంధన ప్రతి ఊరికీ తెలియవలసినది.

దేవుడి మాన్యాలు

అంతర్వేది, వాడపల్లి, అయినవిల్లి, ర్యాలి వంటి క్షేత్రాలున్న సీమలో దేవాలయ భూముల కౌలు ఒక పెద్ద అధ్యాయం. ఈ భూములను 1987 దేవాదాయ చట్టం వేరుగా చూసింది. దాని 82వ సెక్షన్, భూమి లేని పేదలు కానివారి చేతుల్లో ఉన్న ఆలయ వ్యవసాయ భూముల కౌళ్లను రద్దు చేసింది. మాగాణి రెండున్నర ఎకరాలకు, మెట్ట ఐదు ఎకరాలకు మించనివారిని, ఆదాయ పరిమితికి లోబడి, భూమి లేని పేదలుగా లెక్కించింది. ఆరేళ్లకు తక్కువ కాకుండా వరుసగా సాగు చేసిన పేదలకు మార్కెట్ విలువలో 75 శాతానికి కొనుక్కునే హక్కు చూపింది. ఈ సెక్షన్‌ను సవాలు చేసిన దావాల్లో సుప్రీంకోర్టు 2001లో దాన్ని సమర్థించింది. అంటే ఆలయ భూమిలో కౌలుదారు భద్రత అతని పేదరికం రుజువు మీద ఆధారపడింది. మిగిలిన భూములు బహిరంగ వేలం పాటకు వెళ్తాయి. పాట పెరిగితే పాత కౌలుదారుకు పొలం దక్కదు.

కౌలు కార్డుల కాలం

1974 సవరణ ఇచ్చిన శాశ్వత హక్కు భూయజమానులను భయపెట్టింది. కాగితం రాస్తే భూమి పోతుందన్న మాట డెల్టా అంతటా పాతుకుపోయింది. కొందరు రెండు మూడేళ్లకోసారి కౌలుదారుని మార్చారు, కొందరు చేను మార్చి ఇచ్చారు, అందరూ రాత మానేశారు. రక్షణ కోసం పుట్టిన చట్టం వల్ల కౌలుదారు పేరు లెక్కల్లోంచే మాయమైంది. పేరు లేనివాడికి బ్యాంకు అప్పు రాదు, పంట నష్టపరిహారం రాదు, బీమా రాదు.

2011 సార్వాలో కోనసీమ రైతులు వేల ఎకరాలు నాటకుండా వదిలి పంట విరామం ప్రకటించినప్పుడు ఈ గాయం దేశానికంతటికీ కనిపించింది. పెరిగిన ఖర్చులు, గిట్టని ధర, మురుగు దిగక కుళ్లిన పైర్లు అందుకు కారణాలు. ప్రభుత్వం విశ్రాంత ఐఏఎస్ అధికారి మోహన్ కందా అధ్యక్షతన కమిటీ వేసింది. 2022లో మురుగు ముంపు, ధాన్యం సొమ్ము ఆలస్యం మీద మళ్లీ పంట విరామం పిలుపులు వచ్చాయి. రెండుసార్లూ సాగు ఆగితే మొదట పని పోయింది కౌలుదారుకే.

అదే 2011లో వచ్చిన భూ అధీకృత సాగుదారుల చట్టం కౌలుదారుకు ఏడాది గడువు గల రుణ అర్హత కార్డు ఇచ్చింది. భూమి మీద హక్కు జోలికి పోలేదు. దాని స్థానంలో వచ్చిన పంట సాగుదారుల హక్కుల చట్టం, 2019 యజమాని సమ్మతితో 11 నెలల ఒప్పందం రాసుకోమంది. ఆ ఒప్పందం మీద పంట రుణం, బీమా, నష్టపరిహారం పొందే కార్డు ఇస్తుంది. హక్కు పంట మీదే, భూమి మీద కాదని విస్పష్టంగా చెబుతుంది. రాష్ట్ర ప్రభుత్వం అప్పట్లో భూమి లేని ఎస్సీ, ఎస్టీ, బీసీ, మైనారిటీ కౌలుదారులకు ఏడాదికి 13,500 రూపాయల రైతు భరోసాను ఈ కార్డుతో ముడిపెట్టింది. కేంద్రం ఇచ్చే పీఎం కిసాన్ సాయం మాత్రం భూమి పేరిట ఉన్నవారికే.

ఆరేళ్ల కనీస గడువు నుంచి 11 నెలల కార్డు దాకా వచ్చిన ఈ ప్రయాణంలో కౌలుదారు నిలకడ తగ్గి, గుర్తింపు కొంత పెరిగింది. ఆ గుర్తింపు కూడా యజమాని సంతకం మీదే ఆధారపడింది. సంతకం అడిగిన మనిషికి వచ్చే ఏడు పొలం దక్కదేమోనన్న భయం కౌలుదారు నోరు కట్టేస్తోంది.

ఇళ్లు, దుకాణాలు

పట్టణ అద్దెలకు 1960 భవనాల అద్దె నియంత్రణ చట్టం చాలాకాలం వర్తించింది. అమలాపురం వంటి పురపాలక సంఘాల్లో కావాలని అద్దె ఎగ్గొట్టడం, మారు అద్దెకివ్వడం, కట్టడాన్ని పాడుచేయడం, యజమానికి నిజమైన సొంత అవసరం ఉండడం వంటి కారణాలను అద్దె నియంత్రణాధికారి ముందు రుజువు చేస్తేనే ఖాళీ చేయించగలిగేవారు. 2017లో రాష్ట్రం లిఖిత ఒప్పందాలకు ప్రాధాన్యమిచ్చే కొత్త అద్దె చట్టం చేసింది. పంచాయతీ ఊళ్లలో నెలవారీ అద్దెకు ఆస్తి బదిలీ చట్టం 106వ సెక్షన్ కింద 15 రోజుల నోటీసు ఇవ్వాలి. నోటీసు గడువు తీరినా ఖాళీ చేయకపోతే దావా వేయాలే గాని తాళం పగలగొట్టరాదు. ఏడాది దాటే కౌలుకు రిజిస్ట్రేషన్ తప్పనిసరి. అద్దె పత్రాలు సాధారణంగా 11 నెలలకే రాసుకోవడానికి మూలం ఇదే.

ఇతర చోట్ల

ఐర్లండ్ కౌలు రైతుల ఆందోళన ఫలితంగా 1881లో బ్రిటిష్ పార్లమెంటు న్యాయమైన మక్తా, స్థిరమైన సాగు, హక్కు అమ్ముకునే స్వేచ్ఛ అన్న మూడు సూత్రాలను చట్టం చేసింది. కేరళ 1970 జనవరి 1 నుంచి కౌలు పద్ధతినే రద్దు చేసి సాగుదారుని యజమానిని చేసింది. పశ్చిమ బెంగాల్ 1978లో మొదలుపెట్టిన ఆపరేషన్ బర్గాలో అధికారులు ఊళ్లకే వెళ్లి, సాయంత్రం పూట సభలు పెట్టి, సుమారు 14 లక్షల మంది వాటాదారుల పేర్లు నమోదు చేశారు. బెంగాల్ అనుభవం కోనసీమకు దగ్గరి పాఠం. అక్కడ కౌలుదారు యజమాని సంతకం కోసం తిరగలేదు, ప్రభుత్వమే చేను గట్టు దగ్గరకు వచ్చి పేరు రాసుకుంది.

చట్టం, ఆచరణ

తొలగింపు హక్కుకు చట్టం గీసిన హద్దు కాగితం ఉన్నంత మేరకే నిలిచింది. భూమి పోతుందన్న యజమాని భయం నిజమైనదే. దూరంగా ఉన్న విధవరాలికో, ముసలి మాస్టారికో ఆ ఎకరమే ఆధారం కావచ్చు. కౌలుదారు భయం అంతకన్నా పెద్దది. అతనికి పొలంతో పాటు ఏడాది తిండి, అప్పు తీర్చే దారి పోతాయి. యజమాని హక్కుకు ముప్పు లేకుండా, కౌలుదారు పేరు తప్పనిసరిగా నమోదయ్యే ఏర్పాటు రానంత కాలం ఈ రెండు భయాలూ ఒకదాన్నొకటి పెంచుకుంటూనే ఉంటాయి.

కౌలు ఎప్పుడు మొదలైందన్న దాన్ని బట్టి, ఎవరి భూమి అన్న దాన్ని బట్టి వర్తించే నియమం మారుతుంది. కనుక కౌలు చేసే ప్రతి కుటుంబం మక్తా కొలిచిన రోజునే చీటీ రాయించుకోవాలి, ఎరువుల బిల్లులు, ధాన్యం రసీదులు తన పేరునే తీసుకుని దాచుకోవాలి. పొలం మానిపిస్తామన్న మాట వినగానే న్యాయ సలహా అడగాలి. 1987 న్యాయ సేవల అధికార సంస్థల చట్టం కింద స్త్రీలకు, ఎస్సీ, ఎస్టీ వర్గాల వారికి, ఆదాయ పరిమితికి లోబడిన పేదలకు కోర్టు ఆవరణలోని న్యాయ సేవా కమిటీ ద్వారా వకీలు ఉచితంగా దొరుకుతారు.